కాపలా తీసేసిన క్యాసెట్

తను పెట్టిన కాపలాయే తనను దొంగా అంటే మనిషికి ఎలా ఉంటుంది? మామయ్యకు సరిగ్గా అలాగే ఉంది. టీవీకి తగిలించుకుని ఆడే వీడియో గేమ్‌ల తొలి రోజుల్లో ఆయన ఒక పడవ ఆట రాశాడు. దాన్నెవరూ కాపీ కొట్టకుండా లోపల కాపలా ప్రోగ్రామ్ కూడా తనే రాశాడు. ఆట సంగతి అలా ఉంచండి, ఆ కాపలా మాటెత్తితే చాలు, ఆయన మీసం దానంతటదే లేచేది. ఇప్పుడేమో ఇంట్లో మిగిలిన ఒకే ఒక్క అసలు క్యాసెట్‌లో చిప్పు తుప్పు పట్టింది. పెట్టీ పెట్టగానే కాపలా దాన్నే కాపీ అనుకుని, తెర మీద 'ఇది దొంగ సరుకు' అని పడి ఆట ఆగిపోతోంది.

"నువ్వు రాసిందే కదా మామయ్యా, నువ్వే తీసెయ్యి," అంది మేనకోడలు.

"తీయడానికి వీలుగా రాస్తే అది కాపలా ఎలా అవుతుందే?" అని కసిరాడు. కసిరి, అయ్యో అనుకున్నాడు.

ఆ ఆటకు పాట కట్టింది ఆయన చెల్లెలు, ఈ పిల్ల తల్లి. చంటిపిల్లను అన్న చేతుల్లో పెట్టి కన్నుమూసింది. ఆవిడ పోయాక ఆయన ఆ క్యాసెట్‌ను పెట్టె అడుగున పెట్టేసి మళ్ళీ ముట్టుకోలేదు, ఆవిడ పాట మరెక్కడా లేదు. కంపెనీ మూతపడ్డాక దాని సామానంతా తుక్కు కిందికి పోయింది. ఇప్పుడీ పిల్ల కూడా తల్లి కాబోతోంది. "అమ్మ పాట ఒక్కసారి వినాలనుంది మామయ్యా," అని అడిగింది. ఆయన పాడి చూపించాడు కూడా. ఆయన గొంతు గురించి మాట్లాడకపోవడమే మర్యాద. "అమ్మ ఇలా మాత్రం కట్టి ఉండదులే," అని ఆ పిల్ల నవ్వేసింది. ఆ రాత్రి ఆయనకు అన్నం సహించలేదు.

ఇక దిక్కు దొంగ కాపీలే. ఒకప్పుడు ఊళ్ళో తిరిగిన కాపీ క్యాసెట్లలో సగం మార్కెట్ మేడ మీద కొట్టు పెట్టిన కత్తెరమ్మ చేతి మీదుగా వచ్చినవే. అసలు ఆటలు పెద్ద చిప్పుల్లో ఉండేవి, కాపీవాళ్ళకు దొరికేవి చవకరకం చిన్న చిప్పులు. వాటిలో ఇమడాలంటే ఆటను ఎక్కడో ఒకచోట కత్తిరించాలి. అందరూ ముందు కత్తిరించేది పాటనే. పడవ నడిస్తే చాలు, పాటతో ఎవడికి పని? అందుకే మేనకోడలితో ఆ మేడ మెట్లెక్కుతూ మామయ్య రెండు మెట్లకోసారి ఆగాడు.

విరిగిన రిమోట్ల, తీగల చుట్టల మధ్య కూర్చుని కత్తెరమ్మ ఏదో బోర్డుకు టంకం పెడుతోంది. పడవ ఆట కాపీ ఉందా అని మామయ్య అడిగాడు.

"పడవ ఆటా?" తలెత్తింది. "దానికి కాపలా రాసిన మహానుభావుడెవరో గానీ, నాచేత మూడు చెరువుల నీళ్ళు తాగించాడు!"

"నేనేనమ్మా," అన్నాడు మామయ్య, తిట్లకు సిద్ధపడి.

కత్తెరమ్మ గబుక్కున లేచి, కుర్చీ మీది సామాను నేల మీదికి తోసి, కొంగుతో దుమ్ము దులిపింది. "కూర్చోండి బాబూ! పైకి కనిపించే కాపలా తీసేసి, అయిపోయిందిలే అనుకుని బోలెడు క్యాసెట్లు అమ్మేశాను. పడవ ఒడ్డు చేరేదాకా ఊరుకుని, అప్పుడు ముంచిందండీ మీ ఆట! పిల్లలంతా కొట్టు మీదికొచ్చారు."

"ఆ ముంచడం నాకు చాలా ఇష్టమైన ముక్క," అన్నాడు మామయ్య సిగ్గుపడుతూ. "ఎలా పట్టుకున్నారు?"

"ఈ మనిషి ఇంకా ఎక్కడ దాస్తాడా అని, మీలాగే ఆలోచించడం మొదలెట్టాను."

నిజం చెప్పొద్దూ, ఆయన రాసినదంతా అక్షరం వదలకుండా చదివిన మనిషి లోకంలో ఈవిడొక్కతే. జీతమిచ్చిన కంపెనీ కూడా చదవలేదు. ఎంత తెలివి, ఎంత ఓపిక ఈ మనిషికి అని ఆయన మనసు నిండిపోయింది. మేనకోడలు మోచేత్తో పొడిచింది.

"పాట... పాట ఉంచారా అమ్మా?" అన్నాడు.

కత్తెరమ్మ అటక మీంచి ఒక క్యాసెట్ తీసి, ఉఫ్‌మని ఊది, మిషన్‌లో పెట్టింది. పడవ కదిలింది. పాట మొదలైంది.

మామయ్య కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాడు. "ఇంత చిన్న చిప్పులో ఎలా పట్టించారు?"

"దీన్ని కోయడానికి చెయ్యి రాలేదండీ. మొదట్లో తెర మీద పడే కంపెనీ బొమ్మ తీసేశాను, చాల్లేదు. మీ కాపలా మొత్తం ఆనవాలు లేకుండా పెరికేస్తే అప్పుడు పట్టింది. ఏమీ అనుకోకండి."

ఆయన ఏమీ అనుకోలేదు. చెల్లెలి పాటకు అడ్డం కూర్చున్నది తన గొప్పేనా అని మాత్రం తనను తానే అడుగుకున్నాడు.

మేనకోడలు తెల్లబోయి చూస్తోంది. పాట మలుపు తిరగబోతుండగా, ఆ మలుపు ముందుగా ఆమె నోట్లోంచి వచ్చేసింది.

"నీకెలా తెలుసే?"

"స్కిప్పింగ్ ఆడుతూ దీన్నే కదా మామయ్యా పాడేవాళ్ళం! బళ్ళో, వీధిలో, అందరం! కాపీ ఆటల్ని నువ్వు ఇంట్లోకి రానిస్తేనా, ఇది ఆటలోదని నాకు తెలియడానికి? మన వాకిట్లో పాడుతుంటే ఆ గోల ఆపండే అని అరిచేవాడివి కూడా, నీ చెవీ నీ గొంతులాంటిదే!" ఆగింది. చెయ్యి కడుపు మీదికి పోయింది. "అయితే నేను పాడుకుంటూ పెరిగింది అమ్మ పాటేనా?"

"అదే తల్లీ," అన్నాడు మామయ్య. కళ్ళ నీళ్ళు తుడుచుకోవాలని కూడా ఆయనకు తోచలేదు. "ఆపకు, పాడు."

కత్తెరమ్మ లేచి టీవీ సౌండు పెంచింది.