మూడు నోళ్ళు

పొద్దున్న జడ వేస్తుంటే మా పాప గొంతు ఉద్యోగంలో చేరడానికి వెళ్ళిపోతుంది. వెళ్తూ చెప్పులు వేసుకున్న చప్పుడు కూడా నాకు వినిపిస్తుంది.

ఆ ఉద్యోగం నేను పనిచేసే చోటే. తణుకులో మా డాబా మెట్లు ఈమధ్య పొడుగయ్యాయి. ఎక్కుతూ పోతే టోక్యోలో బొమ్మల సీరియళ్ళు తీసే స్టూడియో వస్తుంది. అక్కడ నేను కథ, మాటలు రాస్తాను. పదో తరగతి సగంలో మానేశానని వాళ్ళు అడగలేదు, నేను చెప్పలేదు.

నా కథలో సుమిరె అనే పిల్ల వానలో తప్పిపోయి ఇల్లు వెతుక్కుంటుంది. బొమ్మలు వేసేవాళ్ళు దానికి మూడే నోళ్ళు గీస్తారు: మూసింది, సగం తెరిచింది, పూర్తిగా తెరిచింది. వాటితోనే అది నవ్వుతుంది, ఏడుస్తుంది, దారి అడుగుతుంది. ఇవాళ్టి నుంచి మా పాప హంసిని గొంతుతో అడుగుతోంది.

ఇంట్లో హంసిని నోరు తెరుస్తుంది, మూస్తుంది. ఏమీ రాదు.

"నీ బొమ్మల పిచ్చి పిల్లకి తగిలింది," అంటుంది అత్తయ్య, చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ. "అది మంచినీళ్ళు ఎలా అడగాలో కూడా నువ్వే రాసిపెట్టు, పెద్ద రచయిత్రివిగా!"

మెట్లెక్కి డైరెక్టరు కురోదా గారి దగ్గరికి వెళ్తాను. ఆయన గదిలో వాన పడుతోంది. గొడుగు మాత్రం మూలన ఆరబెట్టి ఉంది.

"మా పాప గొంతు పంపించెయ్యండి సార్."

"సుమిరెకి ఇల్లు దొరికితే ఇంక మాట్లాడేదేముందమ్మా? గొంతు దానంతటదే వచ్చేస్తుంది."

"అయితే ఇవాళే దొరికినట్టు రాస్తాను."

"రాయండి. సీరియల్ అయిపోతుంది. మెట్లు మళ్ళీ పొట్టివైపోతాయి." ఆయన మర్యాదగా తల వంచుతారు. "ఈ వారం నుంచి మీ పేరు మొదట వేస్తున్నాం."

పెళ్ళి శుభలేఖ తర్వాత నా పేరు అచ్చులో చూసుకోవడం ఇదే మొదటిసారి. అందుకని కథలో ఒక వంతెన కూలగొడతాను. సుమిరె చుట్టు తిరిగి వెళ్ళాలి. ఆ తర్వాత పొగమంచు రాస్తాను. స్టూడియోలో నా గది పెద్దదవుతుంది. కుర్చీ దగ్గర్నుంచి కిటికీకి బస్సులో వెళ్తున్నాను.

కింద హంసిని గడప తట్టుకుని పడుతుంది. దాని నోరు పూర్తిగా తెరుచుకుంటుంది. అటు తిరిగి కూచున్న అత్తయ్యకి తెలీదు. పైన, స్టూడియోలో, సుమిరె ఏడుస్తుంది. అక్కడ ఏడవమని నేను రాయలేదు.

వాన ఆపేస్తాను. వీధి రాస్తాను, గుమ్మం రాస్తాను. సుమిరె తలుపు కొడుతుంది. "అమ్మా, తలుపు తియ్యి."

"లోపలున్న తల్లికి గొంతు పెట్టలేదు మనం," అంటారు కురోదా గారు. "ఎవరూ పలక్కపోతే అది ఇల్లెలా అవుతుంది?"

"నాది తీసుకోండి," అంటాను. నేననే ఆఖరి మాట అదే.

దిగుతుంటే మెట్లు నా వెనక ఒక్కొక్కటే మడత పడిపోతాయి. కింద హంసిని "అమ్మా, మోకాలు!" అని వీధి వీధంతా వినపడేలా ఏడుస్తోంది.

"పిల్ల పిలుస్తుంటే పలకవేమే?" అంటుంది అత్తయ్య.

పక్కిళ్ళ టీవీలన్నిట్లోంచీ నా గొంతు "వచ్చావా తల్లీ" అంటోంది.

హంసిని ఏడుపు ఆపి, నా కుచ్చిళ్ళలో చిక్కుకున్న సుమిరె మూడు కాగితపు నోళ్ళు ఏరుకుంటుంది. సగం తెరిచినదాన్ని నా మొహానికి అంటించి, నా మాట తనే చెప్తుంది: "ఏం కాలేదు నాన్నా, ఊదుతానుండు."

నేను వంగి ఊదుతాను. కాగితం నోట్లోంచి వెచ్చటి వాన దాని మోకాలి మీద పడుతుంది.

మూసిన నోరు మాత్రం అది గుప్పిట్లో దాచుకుంటుంది. ఎంత చెయ్యి చాపినా నాకివ్వదు.