మూడో మాట

గుడ్ ఫ్రైడేకి రెండు రోజుల ముందు పాస్టరు ప్రేమ్ కుమార్ అయ్యగారు సాల్మన్ ఇంటికొచ్చాడు. ఒక్కడే వచ్చుంటే సాల్మన్ లేచి కుర్చీ వేసేవాడు. వెనకాలే తెల్లకారు దిగి వంశీ కూడా వచ్చాడు. వంశీ కేంద్రమంత్రి శాంతికుమార్‌కి పీఏ. అందుకని సాల్మన్ ఉన్న ఒక్క కుర్చీలోంచీ లేవలేదు.

"బాగున్నారాండి సాల్మన్ గారూ?" అన్నాడు వంశీ.

"బతికున్నాను."

అయ్యగారు అరుగు మీద తుండుగుడ్డ పరుచుకుని కూర్చున్నాడు. ఎండ గురించి మాట్లాడాడు. కాలవకి నీళ్ళు ఎప్పుడు కట్టేస్తారో అడిగాడు. సాల్మన్ ముప్పై ఏళ్ళు ఆ కాలవ మీద లస్కరుగా చేసినవాడు, లాకు తలుపులు ఎత్తినవాడు, దించినవాడు. నీళ్ళు వస్తున్నాయంటే ఎందుకొస్తున్నాయో తెలుసు. అయ్యగారు కూడా అలాగే దేనికో వచ్చాడని తెలుసు.

"విషయం చెప్పండి అయ్యగారూ."

"ఈసారి మూడో మాట మీకిచ్చాం కదా. అది మంత్రిగారు అడుగుతున్నారండి."

గుడ్ ఫ్రైడే నాడు మిట్టమధ్యాహ్నం నుంచి మూడింటి దాకా ఆ ఊరి చర్చిలో ఏడుగురు మాట్లాడతారు. సిలువ మీద ప్రభువు పలికిన మాటలు ఏడు. ఒక్కొక్క మాట ఒక్కొక్కరికి ఇస్తారు. మూడోది, ప్రాణం పోతూ కూడా కొడుకు తన తల్లిని తీసుకెళ్ళి శిష్యుడి చేతిలో పెట్టిన మాట. ఎన్నో ఏళ్ళపాటు అది సాల్మన్ భార్య సంపూర్ణమ్మదే. కడుపు పండని మనిషి తల్లీకొడుకుల మాట అంత బాగా ఎలా చెబుతుందోనని కొత్తగా వచ్చిన పాస్టర్లు విడ్డూరపడేవారు. ఊళ్ళోవాళ్ళకి విడ్డూరమేం లేదు. శాంతికుమార్ ఆవిడ చేతి అన్నం తిని పెరిగాడని వాళ్ళకి తెలుసు.

పక్కింటి పిల్లాడు. పురిట్లోనే తల్లి పోయింది, తండ్రి చేపల పడవల మీద పనికని వెళ్ళి మళ్ళీ రాలేదు. సంపూర్ణమ్మ తెచ్చి పెంచుకుంది. రేవు దాటి నరసాపురం వెళ్ళి లేసు దారం తెచ్చుకునేది, కళ్ళు పొడుచుకుని అల్లేది, ఆ డబ్బుతో వాణ్ణి హాస్టల్లో చదివించింది. వాడు ఆవిణ్ణి అమ్మా అనేవాడు, సాల్మన్‌ని అయ్యా అనేవాడు. చదివాడు, లాయరయ్యాడు, లీడరయ్యాడు, ఎస్సీ రిజర్వుడు సీట్లో గెలిచి ఢిల్లీ వెళ్ళాడు.

ఆ సీటులోనే ఉంది చిక్కు. క్రైస్తవుడని తేలితే ఆ సీటుకి పనికిరాడు. వాళ్ళ పేటలో అందరివీ కాగితాల మీద ఒక మతం, ఆదివారం ఇంకో మతం. సాల్మన్ కుల సర్టిఫికెట్టూ అంతే. అందులో సాల్మన్‌కి తప్పేం కనపడదు. పేదవాడికి ప్రభుత్వం పెట్టిన మెలిక అది, పేదవాడు దాన్ని తప్పించుకుని కూడు తింటాడు. కానీ ఓడినవాడు కోర్టుకెళ్ళాడు. ఒక టీవీవాళ్ళు ఎక్కడినుంచో పాత ఫొటో ఒకటి పట్టుకొచ్చారు. క్రిస్మస్ నాటకంలో గొర్రెల కాపరి వేషం వేసిన కుర్రాడు, వాడి తలకి గుడ్డ కడుతున్న సంపూర్ణమ్మ. "ఈవిడెవరండీ?" అని శాంతికుమార్‌ని అడిగారు.

"ఎవరో ఆవిడ. నాకు తెలియదు" అన్నాడు. "పలహారం పెడతారని పిల్లలందరం వెళ్ళేవాళ్ళం. గుర్తులేదు."

మొహాన ఇంత బొట్టుంది. ఆ వారమే ఏదో పెద్ద గుడి దగ్గర పార్టీ పెద్దల పక్కన నిలబడి, దేశాన్ని నడిపేవాడికి దైవభక్తి ఉండి తీరాలని ఉపన్యాసం కూడా ఇచ్చి వచ్చాడు. ఏ దైవమో వాణ్ణి ఏ రోజుకారోజు అడగాలి.

సంపూర్ణమ్మ అది టీవీలో చూసింది. చేతిలో లేసు పక్కన పెట్టలేదు. "వాడి అవస్థ వాడిది. అక్కడ ఏం తిప్పలు పడుతున్నాడో" అంది. ఆ రాత్రి ప్రార్థనలో కూడా వాడి పేరు తలిచింది. సాల్మన్ ఆమెన్ అనలేదు. ఆ తర్వాత ఆవిడ మంచం పట్టి, రాజమండ్రి ఆస్పత్రిలో పోయే దాకా ఏ రాత్రీ అనలేదు. పాతిపెట్టిన రోజు శాంతికుమార్ కారు సమాధుల తోట గేటు దాకా వచ్చింది. అద్దం సగం దిగింది. మళ్ళీ ఎక్కింది. కారు వెళ్ళిపోయింది. లోపలికొస్తే ఎవడన్నా ఫొటో తీస్తాడని.

ఇప్పుడు కేసు కొట్టేశారు. ఎన్నికలొస్తున్నాయి. పేటలో ఓట్లు అటూ ఇటూ ఊగుతున్నాయి.

"మూడో మాటే ఎందుకంట?" అన్నాడు సాల్మన్. "ఏడున్నాయి కదా. దొంగకి పరలోకం ఇచ్చిన మాట ఉంది, రెండోది. అది ఇవ్వండి."

వంశీ నవ్వాడు. అది పొగడ్తో తిట్టో అతనికి తేలలేదు.

"అలా అనకండి" అన్నాడు అయ్యగారు. "శిష్యుడై ఉండి పేతురు మాత్రం ప్రభువెవరో తెలియదని బొంకలేదా? ఆ పేతుర్నే ప్రభువు సంఘానికి పెద్దని చేశాడు."

"పేతురు ముందు ఏడ్చాడండి. ఆ తర్వాత పెద్దయ్యాడు. పైగా పేతురు ఓట్లకి నిలబడలేదు."

అయ్యగారు తుండుగుడ్డ మడత సరిచేసుకున్నాడు. వంశీ గొంతు తగ్గించి, "అమ్మగారంటే సార్‌కి ప్రాణమండి. ఒకసారి నలుగురిలో అమ్మా అని పిలుచుకోవాలని ఉందండి ఆయనకి" అన్నాడు.

 నలుగురిలో ఎప్పుడూ నోరెత్తని సాల్మన్ ఈ ఏడు తానే అడిగి ఆ మాట పుచ్చుకున్నాడు. ఒక్క ముక్క చెబుదామని. సంపూర్ణమ్మ అనే మనిషి ఈ ఊళ్ళో ఉండేది, ఒకణ్ణి పెంచింది, వాడు ఆవిడెవరో తెలియదన్నాడు, అంతే. అది తను చెబితే ముసలాడి ఏడుపు అంటారు. వాడి నోటితోనే వాడు చెబితే?

"ఇస్తాను" అన్నాడు. "ఒకటే షరతు. టీవీలో ఏమన్నాడో చర్చిలో ప్రసంగం చెప్పే ఆ పుల్పిట్ మీద నిలబడి అదే చెప్పాలి. ఆవిడెవరో తెలియదన్నాను, అది అబద్ధం అని. ముందు అది చెప్పి, తర్వాత మూడో మాట ఏం చేసుకుంటాడో చేసుకోమనండి."

అయ్యగారి మొహం పాలిపోయింది. వంశీ మొహం మాత్రం వెలిగింది. అక్కడే అనుమానపడాల్సింది సాల్మన్. పడలేదు. వంశీ అప్పటికప్పుడే ఫోన్ కలిపి, రెండు ముక్కలు చెప్పి, చేతికిచ్చాడు.

"అయ్యా, బాగున్నారా? బీపీ మందు వేసుకుంటున్నారా?" అవతల శాంతికుమార్.

"షరతు విన్నావా?"

"విన్నానయ్యా. మీరు అడక్కపోయినా చెప్పేవాణ్ణి."

ఆ రాత్రి సాల్మన్ కంటినిండా నిద్రపోయాడు. వాడి చేతే వాడి మొహాన ఉమ్మేయిస్తున్నాననుకున్నాడు.

శుక్రవారం చర్చి బయట కూడా షామియానా వేశారు. సెల్ ఫోన్లు పట్టుకున్న కుర్రాళ్ళు కిటికీలెక్కారు. మూడు కెమెరాలు ప్రభువు బల్ల ముందే నిలబెట్టారు. ఎర్రటి ఎండలో పంటు మీద రేవు దాటి కార్లు వరసగా దిగాయి. ఇవాళ మంత్రి మొహాన బొట్టు లేదు. తెల్లటి పంచె, తెల్లటి చొక్కా, చెప్పులు గుమ్మం బయటే విప్పాడు. ఆడవాళ్ళు ఒకళ్ళనొకళ్ళు మోచేత్తో పొడుచుకున్నారు. "చూశావా, చెప్పులు విప్పాడు." "మన బిడ్డే కదే."

మొదటి రెండు మాటలూ ఎవరూ వినలేదు. మూడో మాటకి శాంతికుమార్ పుల్పిట్ ఎక్కాడు. మొదటి బెంచీలో కూర్చున్న సాల్మన్‌ని చూసి తలొంచాడు.

"నేను పాపిని" అన్నాడు.

చర్చిలో ఊగుతున్న విసనకర్రలు ఆగిపోయాయి.

"నాకు అన్నం పెట్టిన తల్లి ఫొటో నాకే చూపించి, ఈవిడెవరని అడిగారు. తెలియదన్నాను. అబద్ధమాడాను. పదవి కోసం ఆడాను. ఆ తల్లి అది చూసింది. చూసి నా కోసం ప్రార్థన చేసింది." కళ్ళజోడు తీశాడు. కళ్ళనీళ్ళు నిజంగానే వచ్చాయి, ఆ మాట సాల్మన్ కూడా కాదనలేడు. "ఆవిణ్ణి మట్టి చేస్తుంటే గేటు దాటి లోపలికి రాలేని పిరికివాణ్ణి నేను."

అది సాల్మన్ అడగలేదు. వాడే కలిపాడు. ఆడవాళ్ళ వైపు నుంచి ఏడుపు మొదలై మగవాళ్ళ వైపుకి పాకింది. కిటికీల్లో కుర్రాళ్ళు ఫోన్లు ఇంకా పైకెత్తారు. అయ్యగారు పైపంచెతో కళ్ళొత్తుకున్నాడు. వాడి మొహాన పడుతుందనుకున్న ఉమ్ము పన్నీరయి పడుతోంది. సాల్మన్ బెంచీ అంచు గట్టిగా పట్టుకున్నాడు.

అప్పుడు శాంతికుమార్ కళ్ళజోడు పెట్టుకుని, మెల్లిగా, ఒక్కొక్క అక్షరం ఒత్తి అన్నాడు.

"ఆ తల్లి మతం నేను పుచ్చుకోలేదు. ఆ తల్లి ప్రేమ పుచ్చుకున్నాను. ఈ దేశాన్ని నడిపేవాడికి కావలసింది ఆ ప్రేమే."

లాయరు కట్టిన మాట అది. ఏ కోర్టులోనైనా నిలబడుతుంది.

ఆ పుల్పిట్ కింద, ఆ రాతి తొట్టి దగ్గరే, వాడికి బాప్తిస్మం ఇచ్చారు. తొమ్మిదేళ్ళవాడు. నీళ్ళు ముక్కులోకి పోయి తుమ్మితే సంపూర్ణమ్మ పైటతో తుడిచింది. సామ్యేలు శాంతికుమార్ అని పేరు ఆవిడే చెప్పింది. వాడి పేరు ముందుండే ఎస్ అదే. ఢిల్లీలో శ్రీనివాస్ అని చెప్పుకుంటున్నాడట. ఆ వేళ అక్కడ ఉన్నవాళ్ళు ఇవాళ కూడా సగం మంది అక్కడే ఉన్నారు. ఆ రోజు పంచిన కేకు ముక్క తిన్నవాళ్ళున్నారు. వాళ్ళంతా ఏడుస్తూనే ఆమెన్ అన్నారు.

సాల్మన్ చుట్టూ చూశాడు. ఒక్కళ్ళ మొహంలోనూ ఏ ఆశ్చర్యమూ లేదు. తప్పొప్పుకుంటూనే వాడు మళ్ళీ తెలియదన్నాడని ఒక్క తలకాయకీ తట్టలేదు.

"నా తల్లి ఇవాళ లేదు. ఇక మీరే నాకు తల్లులు" అని శాంతికుమార్ ఆడవాళ్ళ వైపు తిరిగి చేతులు జోడించాడు. దిగొచ్చి సాల్మన్ కాళ్ళ మీద పడ్డాడు. సాల్మన్ కాళ్ళు వెనక్కి, బెంచీ కిందకి లాక్కున్నాడు. వాడి వేళ్ళు నేలకి తగిలాయి. కెమెరాకి ఆ తేడా ఉండదు.

మంత్రి నాలుగో మాటకి ఆగలేదు. సాయంత్రం రాజమండ్రిలో దేశక్షేమం కోసం గోదావరి హారతి ఉంది, అది ఆయనే ఇవ్వాలి. ఆయన వెనకాల కెమెరాలు, కెమెరాల వెనకాల జనం. నాలుగోది, దేవుడు నన్నెందుకు వదిలేశాడని అడిగిన మాట. దాన్ని ఆశాజ్యోతి టీచరు ఖాళీ బెంచీలకి చెప్పుకుంది.

సాల్మన్ బయటికొస్తుంటే గుమ్మం దగ్గర ఆగిపోయిన టీవీ అమ్మాయి ఒకతె మైకు పెట్టింది.

"తాతగారూ, మంత్రిగారు మీ ఇంట్లోనే పెరిగారంట కదండీ. ఇవాళ మీకెలా అనిపిస్తోంది?"

"ఎవరమ్మా?"

"మంత్రిగారండీ. శాంతికుమార్ గారు."

"ఎవరో. నాకు తెలియదు."

"అదేంటండీ, ఇప్పుడే మీ కాళ్ళకి దణ్ణం పెట్టారు కదా!"

"మా ఇంటికి ఎవరెవరో పిల్లలొచ్చేవాళ్ళు. పలహారం పెడితే తినిపోయేవాళ్ళు. గుర్తులేదు."

అమ్మాయి మైకు దించింది. "పెద్దాయనకి మతిమరుపు అనుకుంటా. ఇది కట్ చేసెయ్. కాళ్ళ మీద పడింది ఉందిగా, చాలు" అంది కెమెరా అబ్బాయితో.

ప్రహరీ గోడ మీద గంగయ్య కూర్చునున్నాడు. సాల్మన్‌తో పాటు లాకుల మీద పనిచేసినవాడు. చర్చిలోకి రాడు, గుడికీ పోడు. స్నేహితుడి కోసం ఏటా ఆ రోజు గోడ మీద కూర్చుని బీడీ కాలుస్తాడు.

"విన్నానులే బావా" అన్నాడు. "మీ పేతురు కథలో తెలియదని బొంకగానే కోడి కుయ్యాలంట కదా. మరి కుయ్యలేదేంటి?"

"కూసే కోళ్ళన్నీ సంక్రాంతి పందాల్లోనే చచ్చాయి."

గంగయ్య నవ్వి దగ్గాడు. సాల్మన్ నవ్వలేదు. సంపూర్ణమ్మ ఉంటే ఆ మాట అననిచ్చేది కాదు. పచ్చి అబద్ధం, అదీ చర్చి గుమ్మంలో, అదీ ఆ రోజున. ఆ పూట అన్నం పెట్టేది కాదు. వాణ్ణి క్షమించినంత సులువుగా ఇతన్ని క్షమించేది కూడా కాదు. ఇద్దరిలో వాడే చిన్నవాడనేది.

తోటలోకి వెళ్ళాడు. సంపూర్ణమ్మ సమాధి మీద అప్పటికే మనిషెత్తు పూలచక్రం ఉంది. ఎర్ర రిబ్బను మీద బంగారు అక్షరాలు. 'అమ్మకు, ఎస్. శాంతికుమార్, కేంద్రమంత్రి.' పెట్టిందెవరో, వంశీయో, వంశీ మనుషులో. వాడు మాత్రం ఇవాళ కూడా లోపలికి రాలేదు. గేటు బయట దుమ్ములో కార్లు తిరిగిన గుర్తులే ఉన్నాయి, గేటు లోపల లేవు.

ఆ చక్రం ఇద్దరు పట్టుకోవాల్సినంత బరువుంది. సాల్మన్ ఒక్కడే పట్టుకున్నాడు. తీగలు అరచేతిలో దిగాయి. ఎత్తలేక ఈడ్చాడు. సమాధుల మధ్యనుంచి, గేటు దాటించి, రోడ్డు పక్కకి తెచ్చాడు. ఆ రోజు కారు ఎక్కడ ఆగిందో, అద్దం ఎక్కడ సగం దిగి మళ్ళీ ఎక్కిందో, సరిగ్గా అక్కడ పడేశాడు. వెనక్కి వెళ్ళి గేటు గొళ్ళెం పెట్టి లోపలే కూర్చున్నాడు.

కాసేపటికి ఎవరిదో మేక వచ్చింది. వాసన చూసి, ముందు చేమంతులు తింది. తర్వాత రిబ్బను నమలడం మొదలుపెట్టింది. రోడ్డు మీద పోతున్న ఎవరో, "సాల్మన్ గారూ, మేకండీ! మంత్రిగారి దండండీ!" అని కేకేశారు.

సాల్మన్ మేకని అదిలించలేదు.