రాజీ కాగితం

గద్వాల నుంచి అయిజ పోయే బాటలో మోటారు గుద్దినప్పుడు నేతగాడు కురుమూర్తి భుజం మీద సావుకారు నేయించిన ఆరు చీరల మూట ఉంది. అవి రెండో ప్రపంచ యుద్ధం రోజులు. పెట్రోలు దొరకక మోటార్లను బొగ్గుతో నడిపేవారు. వెనక నుంచి వచ్చిన బండి అతన్ని గుద్ది గుంతలో పడేసింది. దవాఖానలో రెండు రోజులు బతికాడు. “నేను అంచుకే నడుస్తున్ననే” అని భార్య భీమమ్మతో ఒకటికి మూడుసార్లు చెప్పాడు. మూడో నాడు పోయాడు.

దినాలు కాకముందే మోటారు యజమాని గుమాస్తా హన్మంతు దిగాడు. ముందు సావుకారు ఇంటికి పోయి, నెత్తురంటిన చీరలకు ధర కట్టి ఇచ్చాడు. ఆ తర్వాత మగ్గాల వీధికి వచ్చి భీమమ్మ ముందు ఒక ఉర్దూ కాగితం పరిచాడు. యజమాని దయతలచి యాభై రూపాయలు ఇస్తున్నాడనీ, వేలిముద్ర వేస్తే చాలనీ అన్నాడు. ఏం రాశారని ఆమె గుచ్చి గుచ్చి అడిగితే చదివాడు. కురుమూర్తికి చెవుడట. హారన్ వినపడక తానే బండికి అడ్డం వచ్చాడట.

భీమమ్మకు ఒళ్ళు మండిపోయింది. పక్కింటి మగ్గం చప్పుడు మారితే ఇక్కడి నుంచే “మాసయ్యా, పోగు తెగింది చూస్కో” అని కేకేసే మనిషికి చెవుడట!

“చీరలకు పైసలిచ్చినప్పుడు ఏ కాగితం రాయించుకోలే. తప్పు మీది కాకుంటే వాటికెందుకిచ్చిండ్రు?” అంది.

హన్మంతు కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.

అదే ఇంట్లో ఉండే మరిది వెంకట్రాములు, పెద్దోళ్ళతో మనకెందుకని నచ్చజెప్పబోయాడు. ఆమె వినలేదు. వెండి కడియాలు అమ్మి తుకారాం వకీలు దగ్గరికి పోయింది. చీరల సంగతి విన్నాక గానీ వకీలు తల ఎత్తలేదు. సావుకారు వచ్చి ఆ మాట కోర్టులో చెబితే దావా నిలుస్తుందన్నాడు.

సావుకారు బాలరాజు ఆమెను అరుగు మీద కూర్చోబెట్టి మంచినీళ్ళు ఇప్పించాడు. కురుమూర్తి లాంటి నేతగాడు మళ్ళీ పుట్టడని కళ్ళు తుడుచుకున్నాడు. తన నూలూ జరీ ఆ మోటార్ల మీదే రావాలని కూడా చెప్పాడు. ఆమె లేచి వచ్చేసింది.

అయినా దావా వేసి, మూడు పేషీలకు కోర్టుకు తిరిగింది. నాలుగో పేషీలో అవతలి వకీలు ఒక కాగితం తీసి మున్సఫు ముందు పెట్టాడు. హన్మంతు తెచ్చిన కాగితమే. కింద వేలిముద్ర వెంకట్రాములుది. విడిపోని కుటుంబం, చనిపోయినవాడికి కొడుకుల్లేరు, ఉన్నది ఒక్క ఆడపిల్ల, కాబట్టి వారసుడు తమ్ముడే, అతనితో రాజీ కుదిరింది అన్నారు. దావా కొట్టేశారు. తుకారాం బయటికొచ్చి ఇదంతా తెలుగులో చెబితే గానీ ఆమెకు అర్థం కాలేదు.

ఇంటికొచ్చేసరికి వెంకట్రాములు ఖాళీ మగ్గం దగ్గర కూర్చుని ఉన్నాడు.

“మీ అన్నకు చెవులు వినపడవా?” అని అడిగింది.

“వినపడతయి వదినె.”

“మరి ఎట్లేసినవ్?”

“నూలు దొరకక నెల దాటింది. నువ్వు గెలిచేదాక పిల్ల ఏం తినాలె?” అన్నాడు. నడుముకు కట్టుకున్న గుడ్డ విప్పి, సగం నీది అంటూ ఇరవై అయిదు రూపాయలు ఆమె ముందు పెట్టాడు.

భీమమ్మ ఆ డబ్బును తన్నాలనుకుంది. లోపల గదిలో కూతురు పుష్పమ్మ అడుగంటిన జొన్నల కుండను వంచి చేత్తో గీకుతోంది. ఆ చప్పుడు విని, వంగి, రూపాయలు ఏరుకుంది.

మర్నాడు పొయ్యి వేరు పెట్టుకుంది. ఆ పైసలతో కొన్న జొన్నలు దసరా దాకా వచ్చాయి.