గది చప్పుడు

వరదకు వంతెన కొట్టుకుపోయిన ఏడాది అది. డాక్యుమెంటరీలకు శబ్దం రికార్డు చేసే ఒకాయన్ని ఆఫీసులో అందరూ చెవులాయన అనేవారు. మనిషి నోరు విప్పేది తక్కువ.

ఆయన మేనల్లుడు బడి బస్సులో కాలిపోయాడు. దేవుడి పేరు చెప్పి ఆ బస్సు తగలబెట్టించిన బోధకుడు జైల్లో ఉన్నాడు. డైరెక్టరమ్మ ఆ బోధకుడి మీద సినిమా మొదలుపెట్టింది. చనిపోయిన పిల్లాడి తల్లి, చెవులాయన అక్క కూడా అందులో మాట్లాడతానంది, ఒక్క షరతు మీద.

"బస్సులో పిల్లలున్నారని వాడికి ముందే తెలుసా? అదొక్కటి అడగండి. నాకు జవాబు కావాలి."

జైలు గదిలో డైరెక్టరమ్మ అడిగింది. బోధకుడు చొక్కాకున్న మైకు సర్దుకున్నాడు.

"తెలుసు. మళ్లీ అయినా అదే చేయిస్తాను."

టీలో పంచదార సరిపోయింది అన్నంత తేలిగ్గా అన్నాడు. హెడ్‌ఫోన్లో విన్న చెవులాయనకు ఒళ్లు భగ్గుమంది. పళ్లు బిగబట్టి పని చేశాడు. చివర్లో ఎప్పటిలాగే, "ఎవరూ కదలకండి, మాట్లాడకండి," అన్నాడు. ఎక్కడ తీసినా ఆ గది ఉత్త చప్పుడు కాసేపు పట్టుకోవాలి, తర్వాత మాటల మధ్య అతుకులకు పనికొస్తుంది. కెమెరా తిరుగుతూనే ఉంది. బోధకుడు తల వంచుకుని గోళ్లు చూసుకుంటూ కూర్చున్నాడు.

"ఏమన్నాడురా?" అని ఇంటికెళ్లగానే అక్క అడిగింది.

"తెర మీద విందువుగాని," అని తప్పించుకున్నాడు. ఆ మాట చెప్పడానికి ఆయనకు నోరు రాలేదు.

నెల తిరిగాక ఎడిటింగ్ గదిలో అక్కకు ఆ ముక్క చూపించారు. ప్రశ్న వినిపించింది. జవాబు లేదు. దాని చోట చివర్లో తీసిన ముక్క అతికించారు: తల వంచుకున్న బోధకుడు, గది చప్పుడు, అంతే.

అక్క కళ్లనీళ్లు పెట్టుకుంది. "వాడికీ మనసుందిరా తమ్ముడూ. నోరు పెగల్లేదు చూడు."

డైరెక్టరమ్మ ఆమె చెయ్యి పట్టుకుంది. "రేపు మీ ఇంటికొస్తాం. క్షమించానని కెమెరా ముందు అంటారా?"

"అంటానమ్మా."

చెవులాయన అక్కను కింద గుమ్మం దాకా దింపి, ఒక్క ఉదుటున మళ్లీ మెట్లెక్కాడు.

"అది జవాబు కాదు. వాడు గోళ్లు చూసుకుంటున్నాడు!"

"నాకు తెలుసండీ. ఆ మాట వేస్తే వాడి కుర్రాళ్లు ఈలలేస్తారు. వాణ్ణి హీరోని చేసిన పాపం నాకొద్దు."

"అయితే వెయ్యకు. తీసి అవతల పారెయ్. వాడికి లేని మనసు కుట్టి పెట్టమని ఎవరన్నారు?"

"మీ అక్కగారు ఈ ఒక్క రాత్రయినా నిద్రపోతారు కదా!"

"అబద్ధం పెట్టి నిద్రపుచ్చడానికి నా అక్క పసిపిల్లా? కడుపు కాలినదాని చేత వాడికి దండం పెట్టిస్తావా?"

ఆయన అన్ని మాటలాడటం ఆ ఆఫీసులో ఎవరూ ఎరగరు. డైరెక్టరమ్మ మాత్రం కంప్యూటర్ ఆపేసి, "రేపు టైముకి రండి," అని వెళ్లిపోయింది.

తెల్లారి అక్క ముందుగదిలో లైట్లు పెట్టారు. అక్క ఇస్త్రీ బట్టలు కట్టుకుని కుర్చీలో కూర్చుంది. చెవులాయన ఆమెకు మైకు తగిలించలేదు. తన హెడ్‌ఫోన్ తీసి ఆమె చెవులకు పెట్టాడు.

"ఇదేంట్రా?"

"నువ్వడిగిందేనక్కా. విను. ఆపైన క్షమిస్తావో, ఏం చేస్తావో నీ ఇష్టం."

డైరెక్టరమ్మ కుర్చీలోంచి లేచేలోపే రికార్డరు మీట నొక్కాడు.