ఒకటి తీసి రాయి

కుట్టుపనిలో అక్కను మించినవాళ్ళు ఆ వీధిలో లేరు. ఆ మాట అందరికంటే ముందు ఒప్పుకునేది అక్కే. దుకాణం నాన్నది. ఆయన పోయాక అక్కా తమ్ముడూ కలిసి నడిపారు. కొలతలు తీసి కాగితం మీద రాయడం ఆమె వంతు, గుడ్డ కత్తిరించడం అతని వంతు. ఇప్పుడు ఆ దుకాణం మధ్యలో ప్లైవుడ్ గోడ ఉంది. ఆరేళ్ళుగా ఇద్దరికీ మాటల్లేవు. ఇటు మిషను చప్పుడు అటు, అటుది ఇటు వినిపిస్తుంది, అంతే.

గొడవకి మూలం ఇరవై కోట్లు. రూపాయలు కాదు, తొడుక్కునేవి. ఒక హోటల్ వాళ్ళు పనివాళ్ళ కోసం కుట్టమన్నారు. అక్క హోటల్‌కి వెళ్ళి కొలతలు రాసుకొచ్చింది, తమ్ముడు కత్తిరించాడు. తీరా తొడిగి చూస్తే అన్నీ ఛాతీ దగ్గర అంగుళం బిగుతు, చేతులు అంగుళం పొట్టి. కాగితంలో ఉన్నట్టే కత్తిరించానన్నాడు తమ్ముడు. కాగితం తప్పయ్యే ప్రశ్నే లేదంది అక్క. అక్కడితో ఊరుకుంటే ఆమె అక్క ఎందుకవుతుంది? హోటల్ మేనేజరు ముందు, నలుగురు కస్టమర్ల ముందు, "వీడి చేతికి కత్తెర ఇవ్వడమే నాన్న చేసిన పొరపాటు" అని నోరు జారింది.  తమ్ముడు మర్నాడే వడ్రంగిని పిలుచుకొచ్చాడు.

ఈ శనివారం పొద్దున బొత్తాలమ్మే ఆవిడ వచ్చి చల్లగా కబురు చెప్పింది.

"మీ తమ్ముడు సోమవారం వెళ్ళిపోతున్నాడటగా. వేరే ఊళ్ళో రెడీమేడ్ ఫ్యాక్టరీలో కటింగ్ మాస్టరు ఉద్యోగమట. ఆ సగం సెల్‌ఫోన్ల వాళ్ళకి ఇచ్చేస్తున్నాడట."

"పోనీండి, పీడా పోతుంది" అంది అక్క. అన్నాక సూదిలో దారం ఎక్కించడానికి నాలుగుసార్లు తడబడింది. వాడెక్కడికి పోతాడులే అన్న ధీమాతోనే ఆరేళ్ళూ కోపంగా ఉండగలిగిందని ఆమెకి అప్పుడే అర్థమైంది.

ఆ రోజే నాన్న టేపు రెండు ముక్కలైంది. అదొక వింత టేపు. మొదటి అంగుళం చిరిగిపోతే నాన్న దాన్ని కత్తిరించి పారేశాడు. కొత్తది కొనమంటే, "ఇంకా యాభై తొమ్మిది ఉన్నాయిగా" అనేవాడు. అందుకే టేపు మీద ముప్ఫై కనబడితే కాగితం మీద ఇరవై తొమ్మిది వెయ్యాలి. "ఒకటి తీసి రాయి" అని పిల్లలిద్దరికీ నూరిపోశాడు. అక్క ఎంత బాగా నేర్చుకుందంటే, ఆలోచించకుండానే ఆమె చెయ్యి ఒకటి తీసేస్తుంది.

పక్క కొట్లో కొత్త టేపు కొనుక్కొచ్చేసరికి ఒక నర్సు యూనిఫాం కుట్టించుకోడానికి కూర్చుని ఉంది. కొలతలిచ్చి, నమూనాకి పాత గౌను ఒకటి వదిలి వెళ్ళింది. అక్క గుడ్డ కత్తిరించి గౌను మీద పరిచి చూసుకుంది. ప్రతి కొలతలోనూ అంగుళం తక్కువ.

కొత్త టేపుకి మొదటి అంగుళం ఉంది. చెయ్యి మాత్రం అలవాటుగా ఒకటి తీసేసింది.

అప్పుడు ఆమెకి హోటల్ కోట్లు గుర్తొచ్చాయి. హోటల్‌కి వెళ్ళిన రోజు తన టేపు దుకాణంలోనే మర్చిపోయింది. మేనేజరు ఎవరి దగ్గరో మంచి టేపు తెచ్చిచ్చాడు. దాంతో ఇరవైమందినీ కొలిచి, ఇరవైమందికీ ఒకటి తీసి రాసింది.

ఈ సంగతి ఇంకెవరికీ తెలీదు. సోమవారం దాకా నోరు మూసుకుంటే చాలు, జీవితాంతం తనే కరెక్టు. సెల్‌ఫోన్ల కొట్టు పక్కన ఒంటరిగా కూర్చుని కరెక్టు. ఆ ఊహకే భయమేసింది ఆమెకి.

గోడకి తలుపు లేదు కనక వీధిలోకి దిగి చుట్టూ తిరిగి వెళ్ళింది. పాడైన గుడ్డ చేతిలోనే ఉండిపోయింది. తమ్ముడు ఇస్త్రీపెట్టెని అట్టపెట్టెలో సర్దుతున్నాడు.

"హోటల్ కోట్లు. తప్పు నాది" అంది గుమ్మంలోనే. "మంచి టేపుతో కొలిచి ఒకటి తీసి రాశాను. ఇవాళే తెలిసింది. కత్తెర గురించి అన్న మాటా తప్పే. వెళ్ళొద్దురా."

తమ్ముడు కరిగిపోతాడనుకుంది. అతను భగ్గుమన్నాడు.

"ఆరేళ్ళు అక్కా. ఆరేళ్ళుగా ప్రతి గుడ్డా మూడుసార్లు కొలిస్తే గాని కత్తెర పెట్టలేదు నేను. నా చేతిలోనే ఏదో లోపముందనుకున్నా. నాన్న నిజంగానే పొరపాటు చేశాడేమో అనుకున్నా. నువ్వేమో ఎప్పుడూ కరెక్టే. చిన్నప్పుడు కిటికీ అద్దం పగిలినా నా మీదికే తోశావు."

అద్దం పగలగొట్టింది వాడే. అక్క నాలుక చివరిదాకా వచ్చిన ఆ మాటని మింగేసి స్టూలు మీద కూర్చుంది. వీధిలో పోయేవాళ్ళు తొంగి చూస్తున్నా అతను ఆపలేదు, ఆమె లేవలేదు. ఆమెకి కళ్ళనీళ్ళొచ్చాయి. ఆరేళ్ళ తర్వాత ఆ గొంతు గోడ అడ్డం లేకుండా వింటోంది, అది తిట్టయితే మాత్రమేం.

చివరికి అలిసిపోయి, ఆమె చేతిలోంచి నర్సు గుడ్డ లాక్కుని వెలుగుకి పెట్టి తిప్పి చూశాడు.

"పక్కన పట్టీ వేస్తే సరిపోతుంది" అన్నాడు విసుగ్గా. "సోమవారం నుంచి కొలతలు నేనే రాస్తా. నువ్వు కాగితం ముట్టుకోవద్దు."

ఇంకో రోజైతే ఆ మాటకి అక్క వీధి అదిరిపోయేలా జవాబు చెప్పేది. ఇవాళ ఆమెకి 'సోమవారం నుంచి' ఒక్కటే వినబడింది.

"అలాగేరా" అంది.