ఇవాళ ఎన్నో అంతస్తు?

డెబ్భైల మొదట్లో సికింద్రాబాద్ ట్రంక్ ఎక్స్ఛేంజిలో డోరా బొంబాయి లైను చూసేది. రెజిమెంటల్ బజార్ వ్యాపారులెవరైనా బొంబాయికి కాల్ బుక్ చేస్తే ఆ చీటీ ఆమె ముందుకొచ్చేది. ఆమె అటువైపు ఆపరేటరును పిలిచి నంబరు చెప్పేది. మనిషి దొరికాక ఇద్దరినీ కలిపి తప్పుకునేది.

ఆమెకు నలభై దగ్గర పడుతున్నాయి. తండ్రి నర్సాపురం నుంచి రైల్వే ఉద్యోగానికి వచ్చి ఇక్కడే కన్నుమూశాడు. తర్వాత తల్లీ పోయింది. సీతాఫల్‌మండిలో ఒక గది, ఒక కిరోసిన్ స్టవ్వు, ఆదివారం చర్చి. పెళ్లి మాటలు రెండు మూడుసార్లు వచ్చి ఆగిపోయాయి. ఆ పైన అడిగినవాళ్లు లేరు. చర్చి అయ్యాక అందరూ గుంపులుగా నిలబడి మాట్లాడుకుంటుంటే, ఆమె చెప్పుల కోసం వెతుకుతున్నట్టు కాసేపు తచ్చాడి వెళ్లిపోయేది.

ఒకరోజు ఒక బట్టల వ్యాపారి కాల్‌కి బొంబాయిలో ఎంతకీ ఎవరూ ఫోనెత్తలేదు. అటువైపు ఆపరేటరు విసుగొచ్చి తనలో తాను గొణుక్కుంది. "ఈ పెద్దాయన పొద్దస్తమానం స్నానమే చేస్తాడో ఏమో!"

తెలుగు! డోరా ఆపుకోలేక నవ్వేసింది.

"అమ్మో, విన్నారా? మీరూ తెలుగువాళ్లేనా అండీ?"

"మా నాన్నగారిది నర్సాపురం."

"మాది పాలకొల్లండీ! నా పేరు ప్రేమమణి. పెళ్లయ్యాక ఇక్కడికొచ్చి పడ్డాను."

అలా మొదలైంది. మధ్యాహ్నం కొట్లవాళ్లు భోజనాలకు వెళ్లే వేళ లైన్లు కాస్త ఖాళీగా ఉండేవి. నంబరుకీ నంబరుకీ మధ్య రెండు మాటలు దొర్లేవి. కొన్నాళ్లకు 'మీరు' పోయి 'నువ్వు' వచ్చింది. ప్రేమమణికి చెప్పడానికి చాలా ఉండేది. అత్తగారు, ఇద్దరు పిల్లలు, రేవులో పనిచేసే భర్త, లోకల్ రైల్లో తోపులాట. డోరాకు చెప్పడానికి పెద్దగా ఏమీ ఉండేది కాదు. అందుకని ఆమె అడిగేది.

అడగడానికి ఒక మంచి సంగతి దొరికింది. ప్రేమమణి ఆఫీసులో టిఫిన్ తినే గది కిటికీలోంచి నారిమన్ పాయింట్ కనిపించేదట. అక్కడ సముద్రాన్ని పూడ్చి పెద్ద పెద్ద మేడలు లేపుతున్నారట. వాటిలో ఒకటి ఇద్దరూ తమదిగా చేసుకున్నారు. ఏదో కంపెనీ ఆఫీసుల కోసం కడుతున్నది.

"ఇవాళ ఎన్నో అంతస్తు?" అనేది డోరా, లైను కలవగానే.

"పదమూడు పోశారు. పైన ఇనుప చువ్వలు జుట్టు విరబోసుకున్నట్టున్నాయి. కూలివాళ్లు చీమల్లా కనిపిస్తున్నారు."

"సముద్రం కనిపిస్తోందా?"

"సగం కప్పేసింది. వచ్చే నెలకి నాకు సముద్రం ఉండదు, ఇదే ఉంటుంది."

రాజాబాయి గడియారం మేడ గురించీ, వీటీ స్టేషన్ గుమ్మటం గురించీ, గేట్‌వే దగ్గర పావురాల గురించీ కూడా ప్రేమమణి చెప్పేది. డోరా సాయంత్రం ఇంటికి నడుస్తూ తల పైకెత్తి చూసేది. సీతాఫల్‌మండిలో రెండంతస్తుల పైన ఆకాశమే. అక్కడ ఆ మేడను నిలబెట్టి, ఎంతదాకా వస్తుందో ఊహించుకునేది.

సూపర్‌వైజర్ అనసూయమ్మ తన బల్ల దగ్గర నుంచి ఏ లైనైనా వినగలదు. ఒకటి రెండుసార్లు వెనక వచ్చి నిలబడింది. "ఏందమ్మా డోరా, లైన్ మీద గిట్ల ముచ్చట్లు పెడితే ఎట్ల? పైనోళ్లు వింటే నాకు పరేషాన్." అంతకుమించి ఏమీ అనేది కాదు. రాతపూర్వకంగా ఏదీ పైకి పంపలేదు కూడా.

మేడ పూర్తయింది. అద్దాలు బిగించారని ప్రేమమణి చెప్పిన రోజున డోరాకు ఎందుకో దిగులేసింది. "ఒక్కసారి చూడాలనుంది," అంది.

"రా మరి! నేను తిప్పి చూపిస్తాగా!"

ప్రయాణ ఖర్చుకు ఆఫీసువాళ్లిచ్చే ఎల్‌టీసీ ఉంది, వాడుకోని సెలవులున్నాయి. ఫిబ్రవరిలో డోరా బొంబాయి రైలెక్కింది. ప్రేమమణి కోసం ఆవకాయ కట్టుకుంది, కొత్త చీర కట్టుకుంది. బొంబాయిలో ఆడవాళ్ల హాస్టల్లో గది తీసుకుంది.

వీటీ స్టేషన్లో పెద్ద గడియారం కింద కలుద్దామనుకున్నారు. డోరా అక్కడ చాలాసేపు నిలబడింది. ఆమె పక్కనే ఒక పొట్టి, లావుపాటి ఆవిడ చేతిసంచితో ఎవరికోసమో చూస్తూ నిలబడి ఉంది. ప్రేమమణి గొంతుకు తగ్గట్టు డోరా ఎవరో సన్నటి, నవ్వుమొహపు మనిషిని ఊహించుకుని ఉంది. చివరికి ఆ ఆవిడే, "ఏవండీ... మీరు డోరాగారా?" అంది.

మళ్లీ 'మీరు' వచ్చేసింది. దాన్ని తీసేయడం ఇద్దరికీ చేతకాలేదు.

ప్రేమమణి మాట తప్పకుండా అన్నీ చూపించింది. స్టేషన్ గోడల మీద చెక్కిన నెమళ్లు, కోతులు చూపించింది. రాజాబాయి మేడ కింద నిలబెట్టి, "ఇదేనండీ," అంది. డోరా, "బాగుందండీ," అంది. లైను మీద ఒక్క క్షణం ఖాళీ దొరికితే మాటలు తోసుకుంటూ వచ్చేవి. ఇప్పుడు రోజంతా వాళ్లదే, మాటే రావడం లేదు. ప్రేమమణి కళ్ల కింద నలుపు. రోడ్డు దాటేటప్పుడు గబుక్కున డోరా మోచెయ్యి పట్టుకుని, అవతలికి చేరగానే వదిలేసింది.

నారిమన్ పాయింట్ చేరారు. తమ మేడ ముందు నిలబడి డోరా మెడ నొప్పెట్టేలా పైకి చూసింది. ఎండకు అద్దాలు మెరుస్తున్నాయి. పైనుంచి మబ్బులు కదులుతుంటే మేడే వాళ్ల మీదికి వాలుతున్నట్టుంది. అది నిజంగా గొప్పగా ఉంది. అయితే పదమూడో అంతస్తు ఏదో తెలియలేదు. అన్నీ ఒక్కలాగే ఉన్నాయి. లోపలికి వెళ్లబోతే వాచ్‌మన్ చెయ్యి అడ్డం పెట్టాడు.

ఇద్దరూ వెళ్లి మెరీన్ డ్రైవ్ గట్టు మీద కూర్చున్నారు, సముద్రం వైపు తిరిగి. కాసేపటికి ప్రేమమణి, "చూశావా, నీళ్లెంత మురికో. పాలకొల్లు కాలవే నయం," అంది.

ఆ గొంతు! డోరా తల తిప్పలేదు. "మీ అత్తగారికి మోకాళ్లెలా ఉన్నాయి?" అంది, నీళ్లవైపే చూస్తూ.

"నొప్పులు మోకాళ్లకి కాదు, నోటికి రావాలి ఆవిడకి."

ఇద్దరూ నవ్వారు. అలా, ఒకరినొకరు చూసుకోకుండా, కొంతసేపు బాగా మాట్లాడుకున్నారు. అంతలో ప్రేమమణి అంది. "ఒక మాట చెప్తాను, ఏమీ అనుకోకు. నీ మొహం చూడకపోతేనే నువ్వు నా డోరావి. చూస్తే ఎవరో కొత్త మనిషి."

డోరా అప్పుడు ఆమె వైపు తిరిగింది. తిరిగి ఉండాల్సింది కాదు. ప్రేమమణి కళ్లు దించుకుని వాచీ చూసుకుంది.

"మా ఇంటికి తీసుకెళ్దామనే అనుకున్నానండీ. ఒకటే గది, అందరం అందులోనే..."

"పర్లేదండీ. మళ్లీ వస్తాగా."

ఆవకాయ సీసా తీసుకుని ప్రేమమణి బస్సెక్కింది. మర్నాడు డోరా గేట్‌వే ఒక్కతే చూసింది. సాయంత్రం మళ్లీ ఆ మేడ దగ్గరికి వెళ్లింది. ఆఫీసులు వదిలారు. జనం ఆమెకు అటూ ఇటూ పాయలుగా చీలి, పక్కనుంచి వెళ్లిపోయారు.

తిరిగొచ్చాక మొదటిరోజు లైను కలిసింది.

"క్షేమంగా చేరారా?"

"చేరానండీ. ఆవకాయ బాగుందా?"

"బాగుంది. నంబరు చెప్పండి."

ఆ తర్వాత కూడా మాట్లాడుకున్నారు, మర్యాదగా. 'ఎన్నో అంతస్తు' అని అడగడానికి లేదు, కట్టడం అయిపోయింది. కొన్నాళ్లకు వ్యాపారులే నేరుగా బొంబాయికి డయల్ చేసుకునే ఏర్పాటు వచ్చింది. చీటీలు పలచబడ్డాయి. ఒకరోజు బొంబాయి నుంచి వేరే గొంతు పలికింది. ప్రేమమణిని ఫిర్యాదుల సెక్షన్‌కు మార్చారని హిందీలో చెప్పింది. డోరా ఆ సెక్షన్ నంబరు అడిగి తీసుకుంది. దానికి ఎన్నడూ ఫోను చేయలేదు.

అనసూయమ్మ రిటైరైంది. వెళ్తూ వెళ్తూ, "ఆదివారం మా ఇంటికి రా," అంది. డోరా చర్చి నుంచి నేరుగా రాంగోపాల్‌పేట్ వెళ్లింది. పాత మేడ మీద ఒక వాటా. కంచం ఒకటి, మంచం ఒకటి. ఇన్నేళ్లు ఒకే గదిలో పనిచేసినా అనసూయమ్మ కూడా ఒంటరిగా ఉంటుందని డోరాకు అంతవరకూ తెలియదు.

భోజనమయ్యాక అనసూయమ్మ చాయ్ పోస్తూ అడిగింది. "ఆ బిల్డింగ్ ఎట్లుందే?"

"ఏ బిల్డింగండీ?"

"అదే, సముద్రం పూడ్చి కట్టిండ్రు గదా. నేను సుత వింటుంటి. పదమూడోది పోసినప్పటి సంది. మీ ముచ్చట షురూ అయితే నేను ఇంకో లైన్ వినకపోతుంటి. నువ్వు వచ్చినంక చెప్తవనుకున్న. నువ్వు చెప్పనేలేదు."

డోరాకు మొహం వేడెక్కింది. ఈ లోకంలో తనదంటూ ఉన్న ఒక్క ముచ్చటలోనూ మూడో మనిషి కూర్చుని ఉంది. లేచి వెళ్లిపోదామనుకుంది. అనసూయమ్మ చాయ్ గ్లాసు పట్టుకుని, చెప్పమన్నట్టు చూస్తూనే ఉంది. ఆ చూపులో తప్పు చేశానన్న ఊహే లేదు, ఆశ ఒక్కటే ఉంది.

డోరా కూర్చుంది. చెప్పింది. అద్దాల గురించి, మేడ తమ మీదికి వాలుతున్నట్టుండడం గురించి, స్టేషన్ గోడల మీది నెమళ్ల గురించి. అనసూయమ్మ మధ్యమధ్య ప్రశ్నలేసింది. గట్టు మీద జరిగిన మాటలు మాత్రం డోరా చెప్పలేదు.

"ఆ పిల్ల ఎట్లుంటది చూడనీకె?"

"పొట్టిగా, కాస్త లావుగా ఉంటుంది. చాలా అలసిపోయి ఉంది."

"గొంతు వింటే అట్ల అనిపించలే," అంది అనసూయమ్మ. ఇంకో సగం గ్లాసు చాయ్ పోసింది. డోరా అది తాగి, చీకటి పడకముందే బస్సుకు బయలుదేరింది. మళ్లీ ఎప్పుడొస్తావని అనసూయమ్మ మెట్ల మీద నుంచి అడిగింది. చూస్తానండీ, అంది డోరా.