పెట్టె చెబితేనే

ఎనెలెసిని మట్టిలో పెట్టి మూడు రోజులైంది. ఆ మూడు రోజులూ ఆమె కొడుకు లింబాని మూర్ఛ మాత్ర మింగలేదు. ఇవాళ పొద్దున్నే పడిపోయి, నాలుక కొరుక్కుని, చాలాసేపు కొట్టుకున్నాడు. ఇంకోసారి వచ్చి ఆగకపోతే మనిషి దక్కడని ఆరోగ్యకేంద్రం నర్సు జియోనెతో మొహమాటం లేకుండా చెప్పేసింది.

జియోనె అతని అక్క. బ్లాంటైర్‌ పట్నంలో ఒక బడి వంటింట్లో పని. తల్లి చావుకని వచ్చింది. తమ్ముడి చావు కూడా చూసి పోవాల్సొస్తుందేమోనని ఇప్పుడు ఆమె భయం.

మాత్రలు లేక కాదు, సీసా నిండా ఉన్నాయి. మింగించడమే ఎవరి తరమూ కావడం లేదు.

నాలుగేళ్ళప్పుడు మలేరియా మెదడుకెక్కి లింబాని బుద్ధి ఎదుగుదల అక్కడే ఆగింది. ఇప్పుడతనికి ఇరవై ఆరు. ఆరేళ్ళ కిందట జోంబా నుంచి ఒక మాస్టారు వచ్చి, ఎండకు పెడితే పనిచేసే చిన్న పెట్టె ఒకటిచ్చి, అందులో ఎనెలెసి మాటలు రికార్డు చేసిపోయాడు. ఉదయం ఆరింటికీ సాయంత్రం ఆరింటికీ పెట్టె పలికేది. లింబాని పొయ్యి ఆర్పి, మాత్ర మింగి, "వేసుకున్నానమ్మా" అని దానికి జవాబు చెప్పి, దుమ్ము పడకుండా గుడ్డ కప్పేవాడు. ఆ ధైర్యంతోనే ఎనెలెసి ఎండుచేపల బుట్ట నెత్తికెత్తుకుని సంతకు పోయేది. పిచ్చోడని నవ్విన ఊరే, లింబాని పొయ్యి ఆరిందంటే ఆరైందని నమ్మే దాకా వచ్చింది.

రెండేళ్ళ కిందట సెలవుకొచ్చిన జియోనె, తమ్ముడు అప్పటికే వేసుకున్నాడని తెలియక ఇంకో మోతాదు మింగించింది. రోజున్నర అతను లేవలేదు. అప్పట్నుంచి తల్లి కొడుకు చెవిలో ఇల్లు కట్టుకుని పోరింది. ఎవరిచ్చినా తీసుకోవద్దు, చివరికి నేనిచ్చినా సరే, పెట్టె చెబితేనే. లింబాని ఏదైనా నేర్చుకోవడానికి ఏడాది పడుతుంది. నేర్చుకున్నాక మాత్రం పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు.

ఆ పెట్టె ఇప్పుడు ఎనెలెసి కాళ్ళ దగ్గర, శవపేటికలో ఉంది.

పెట్టినవాడు మేనమామ జైలోసి. ఆ ఇళ్ళలో మేనమామ మాటే మాట. పోయినవాళ్ళ కప్పూ కంచమూ వెంట పంపడం ఎలాగూ ఆనవాయితీ. దానికి తోడు శవం ఇంట్లో ఉండగానే ఆరైంది, పెట్టె పలికింది. చాప మీద పడుకున్న మనిషి గొంతు గూట్లోంచి కొడుకును పేరుపెట్టి పిలిచేసరికి, ఏడుస్తున్న ఆడవాళ్ళు ఏడుపు మాని వాకిట్లోకి పరుగెత్తారు. జైలోసి పెట్టెను గుడ్డలో చుట్టి పోయిన చెల్లెలి వెంటే పంపించేశాడు. జియోనె బస్సు దిగేసరికి మేకులు కొట్టడం కూడా అయిపోయింది.

ఆమె చేయని ప్రయత్నం లేదు. మాస్టారికి ఫోన్ చేస్తే, ఇంకో పెట్టె ఇవ్వగలను గానీ ఆ గొంతు నా దగ్గర లేదమ్మా అన్నాడు. మాత్ర నూరి మొక్కజొన్న ముద్దలో కలిపితే, చేదు తగిలి ఉమ్మేసి, అప్పట్నుంచి లింబాని ముద్దే ముట్టడం మానేశాడు. గోరుచుట్టు మీద రోకటిపోటు. "మందేసుకో తమ్ముడూ" అని తన ఫోన్‌లో పలికించి వినిపించింది. "అది అక్క. పెట్టె కాదు," అని మొహం తిప్పుకున్నాడు.

ఆ మధ్యాహ్నం మేనమామ గుమ్మంలో మోకాళ్ళ మీద కూచుంది.

"తవ్విద్దాం మామయ్యా. నీ కాళ్ళు పట్టుకుంటా."

"మతి పోయిందా నీకు? చచ్చినామె రోజుకు రెండుసార్లు పిలుస్తుంటే వాడెన్నాళ్ళు ఆగుతాడే ఇక్కడ? వాడు దక్కాలనే గదా దాన్నక్కడ పెట్టాను."

"దక్కట్లేదు మామయ్యా."

జైలోసి టోపీ అంచుతో కళ్ళు తుడుచుకున్నాడు గానీ తల మాత్రం అడ్డంగానే ఊపాడు.

ఇంటికొస్తే లింబాని లేడు. సీసా లేదు. ఎక్కడికి పోయాడో ఆమెకు వెంటనే తెలిసింది. చావు లేని రోజున శ్మశానం కంచె దాటకూడదు. జియోనె దాటింది.

అతను తల్లి మట్టిదిబ్బ పక్కన, ఒళ్ళో సీసా, చేతిలో నీళ్ళ కప్పు పెట్టుకుని, చెవి నేలకు వంచి కూచున్నాడు. తల్లి నడుముకు చుట్టుకునే చితెంజి గుడ్డ భుజాన కట్టుకున్నాడు. పొద్దు కొండ వెనక్కి దిగుతోంది. ఆరవుతోంది.

ఇక సిగ్గేమిటి, భయమేమిటి? జియోనె దిబ్బకు అవతల వంగి, గొంతు లావు చేసుకుని పిలిచింది. "లింబానీ, పొయ్యి ఆర్పావా? మాత్ర వేసుకో."

అతను కదల్లేదు. "అలా కాదు," అన్నాడు నేలకేసి చూస్తూనే. "ముందు 'నా తండ్రీ'."

మళ్ళీ చెప్పింది.

"దగ్గు," అన్నాడు.

అవును, రికార్డు చేసేటప్పుడు అమ్మ మధ్యలో దగ్గింది. మాస్టారు మళ్ళీ చెప్పమంటే, ఒక్క దగ్గుకేనా అని కసిరింది. జియోనె దగ్గింది. "ఇప్పుడు కాదు. పొయ్యి తర్వాత." మళ్ళీ మొదలుపెట్టింది. "నాలుక మీద." మళ్ళీ. అతని పెదవి ఎడమ మూల చిన్నగా అదరడం మొదలైంది. పొద్దున కూడా అలాగే మొదలైంది. ఆమె కళ్ళు మూసుకుని, పేగుల్లోంచి తీసినట్టు అంతా ఒక్క వరసన పలికింది.

"లింబానీ, నా తండ్రీ, పొయ్యి ఆర్పావా?" దగ్గింది. "మాత్రలు నాలుక మీద పెట్టుకో. నీళ్ళు తాగు. మంచోడివి."

తన నోట్లోంచి అమ్మ మాట్లాడింది.

లింబాని సీసా మూత తీశాడు. రెండు మాత్రలు లెక్కపెట్టి నాలుక మీద పెట్టుకుని నీళ్ళు తాగాడు. "వేసుకున్నానమ్మా."

తర్వాత లేచి, భుజాన ఉన్న చితెంజి విప్పి, అక్క నెత్తి మీదుగా కప్పి, దుమ్ము పడకుండా అంచులు చుట్టూ దోపాడు.

గుడ్డ కింద జియోనె నోరు నొక్కుకుని ఏడ్చింది. అమ్మ కోసం ఏడ్చింది, తమ్ముడు మింగాడని ఏడ్చింది, ఆ తర్వాత బ్లాంటైర్ కోసం, తన కోసం ఏడ్చింది. కంచె అవతల అడుగుల చప్పుడైంది. పోయిన చెల్లెలి గొంతు విన్న జైలోసి, లోపలికి రావడానికి ధైర్యం చాలక, అక్కణ్ణుంచే కేకేశాడు.

"జియోనే, నువ్వేనా అక్కడ?"

"అక్క లేదు మామయ్యా," అన్నాడు లింబాని. "పెట్టె ఉంది."

జియోనె గుడ్డ తీయలేదు. పొద్దున ఆరింటికి మళ్ళీ పలకాలి.